బొంగులో చికెన్

బొంగులో చికెన్ ఆంధ్ర ప్రదేశ్ రాష్ట్రంలోని అరకు లోయలోను, తూర్పు కనుమల మన్యం ప్రాంతాలలోను ప్రసిద్ధి చెందిన మాంసాహార వంటకము. మసాలా పట్టించిన కోడిమాంసాన్ని పచ్చి వెదురు గొట్టంలో కూరి, మూతిని ఆకులతో మూసి, నిప్పులపై కాల్చి దీనిని తయారు చేస్తారు. నూనె గాని, నీరు గాని వాడకపోవడం దీని ప్రత్యేకత. ఈ వంటలో పాత్ర, నీరు, మూకుడు చేయవలసిన పనులన్నీ వెదురే చేస్తుంది.

పేరు

బొంగు అనగా లోపల బోలుగా ఉండే వెదురు గొట్టము. ఈ వంటకాన్ని బొంగు చికెన్, వెదురు చికెన్ అని కూడా అంటారు. ఇదే పద్ధతిలో బియ్యం, మాంసం కలిపి వండినదానిని బొంగు బిర్యానీ అంటారు.

ప్రాంతము

అరకు లోయ విశాఖపట్నం నుండి సుమారు 115 కిలోమీటర్ల దూరంలో, సముద్రమట్టానికి సుమారు 900 మీటర్ల ఎత్తున ఉన్నది. ఇది పూర్వం విశాఖపట్నం జిల్లాలో ఉండేది. 2022 ఏప్రిల్ 4న ఏర్పడిన అల్లూరి సీతారామరాజు జిల్లాలో చేరినది. బగత, కొండదొర, వాల్మీకి, కోటియా, పోర్జ, గదబ మొదలగు గిరిజన తెగలవారు ఈ మన్యంలో నివసిస్తున్నారు. అనంతగిరి, బొర్రా గుహలు, అరకు మార్గంలో రోడ్డు ప్రక్కన నిప్పులు పేర్చి బొంగులో చికెన్ అమ్మే దుకాణాలు కనిపిస్తాయి. గోదావరి మన్యంలోని మారేడుమిల్లి కూడా ఈ వంటకానికి పేరుపొందినది.

కావలసిన వస్తువులు

* కోడిమాంసము (చిన్న ముక్కలు) - 1 కిలో
* అల్లం వెల్లుల్లి ముద్ద - 2 చెంచాలు
* కారము - 2 చెంచాలు
* పసుపు - అర చెంచా
* ఉల్లిపాయలు, పచ్చిమిరపకాయలు, కొత్తిమీర, నిమ్మరసము, ఉప్పు - తగినంత
* ఒక కొసన కణుపు ఉన్న పచ్చి వెదురు గొట్టాలు
* మూతికి విస్తరాకులు లేదా అరటి ఆకులు

తయారు చేయు విధానము

మాంసానికి ఉప్పు, కారం, మసాలాలు పట్టించి అరగంట నుండి ఒక గంట వరకు నాననివ్వాలి. వెదురును రెండు కణుపులలో ఒకటి గొట్టానికి అడుగుగా మిగిలేటట్లు, రెండవ వైపు తెరచి ఉండేటట్లు కోయాలి. గొట్టం లోపల కడిగి మాంసం నింపాలి. ముక్కలను గట్టిగా దట్టించరాదు. పైన రెండు అంగుళాల ఖాళీ వదలాలి. తరువాత ఆకులను మడిచి మూతికి బిరడాలా పెట్టాలి.

గొట్టాన్ని మూతి కొంచెం ఎత్తుగా ఉండేటట్లు నిప్పులపై వాల్చి, అన్ని వైపులా వేడి తగిలేటట్లు త్రిప్పుతూ ఉండాలి. సుమారు 30 నుండి 45 నిమిషాలలో పైభాగం నల్లబడి, మూతి నుండి ఆవిరి వస్తుంది. అయితే వెదురు నల్లబడినంత మాత్రాన మాంసం ఉడికినట్లు కాదు. పెద్ద ముక్కను విరిచి, ఎముక దగ్గర ఎరుపు లేదని చూసుకోవాలి. ఉష్ణమాపకం ఉన్నచో ముక్క మధ్యభాగం 74 డిగ్రీల సెంటీగ్రేడుకు చేరినదో లేదో చూడవచ్చు.

నీరు, నూనె లేకుండా ఉడికే విధము

పచ్చి వెదురు గోడలో చాలా నీరు ఉంటుంది. నిప్పు సెగకు ఆ నీరు, మాంసంలోని నీరు ఆవిరిగా మారి గొట్టంలో నిండుతుంది. తేమ ఉన్నంతవరకు లోపలి వేడి నీరు మరిగే స్థాయిని అంతగా మించదు. అందువలన బయట వెదురు మాడుతున్నా లోపల ముక్క మాడదు. కోడి చర్మం, కొవ్వు నుండి కరిగే నూనె సరిపోతుంది కనుక వేరే నూనె అక్కరలేదు.

ఎండు వెదురులో ఈ తేమ లేనందున అది త్వరగా అంటుకొంటుంది. పందిళ్ళకు, నిచ్చెనలకు అమ్మే వెదురుకు పురుగు పట్టకుండా మందులు పూసి ఉండవచ్చును కనుక ఇంటి వద్ద వండేవారు దానిని వాడరాదు. ఆవిరి బయటకు పోయే దారి ఉండాలి కనుక మూతిని గాలి చొరకుండా బిగించరాదు. రెండు వైపులా కణుపులతో మూసుకొని ఉన్న వెదురు నిప్పులో పెద్ద శబ్దంతో పగులుతుంది.

బార్బెక్యూతో పోలిక

అమెరికా దక్షిణ రాష్ట్రాలలో పంది భుజం మాంసాన్ని 105 - 120 డిగ్రీల సెంటీగ్రేడు వేడిలో, కట్టెల పొగలో ఎనిమిది గంటలు లేదా అంతకంటె ఎక్కువసేపు ఉంచుతారు. ఆ మాంసంలో కొల్లాజెన్ అనే గట్టి పదార్థం ఎక్కువ. అది కరిగి మెత్తబడటానికి అంత సమయం కావాలి. పచ్చి వెదురు అన్ని గంలు నిప్పుపై నిలువదు. త్వరగా ఉడికే కోడిమాంసం దీనికి అనువైనది. బార్బెక్యూలో పొగ నేరుగా మాంసానికి తగులుతుంది. బొంగులో చికెన్‌కు వాసన ముఖ్యంగా వెదురు రసం నుండి వస్తుంది.

ఇతర ప్రాంతాలలో

వెదురు పెరిగే అనేక దేశాలలో ఇటువంటి వంటలు ఉన్నాయి. నాగాలాండ్‌లో పందిమాంసాన్ని వెదురులో వండుతారు. మలేషియాలో లెమాంగ్, థాయిలాండ్‌లో ఖావో లామ్ అనునవి కొబ్బరి పాలతో కలిపిన జిగురు బియ్యాన్ని వెదురులో కాల్చి చేసే వంటకాలు.

వెదురు లభ్యత

ఒకసారి కాలిన గొట్టం మరల వంటకు పనికిరాదు. కావున ఈ వంటకం పచ్చి వెదురు లభ్యతపై ఆధారపడి ఉన్నది. వెదురు గడ్డి జాతి మొక్క. నరికిన బొంగు మరల పెరగదు గాని భూమిలోని దుంప నుండి వర్షాకాలంలో కొత్త పిలకలు వస్తాయి. లేత పిలకలను, వాటికి ఆధారమైన కొన్ని ముదురు బొంగులను వదలి కోసినచో పొద నిలుస్తుంది. మొత్తం నరికినచో క్షీణిస్తుంది.

వెదురుపై హక్కు కూడా ముఖ్యమైన విషయము. 1927 నాటి భారత అటవీ చట్టం వెదురును చెట్టుగా పరిగణించినది. 2006 నాటి అటవీ హక్కుల చట్టం దానిని చిన్నతరహా అటవీ ఉత్పత్తులలో చేర్చి, గిరిజనులకు, ఇతర సంప్రదాయ అటవీ వాసులకు వాటిని సేకరించి అమ్ముకొనే హక్కును గుర్తించినది. 2017 సవరణతో 1927 చట్టంలోని చెట్ల నిర్వచనం నుండి వెదురును తొలగించారు. దీనివలన అడవి వెలుపల సొంత భూమిలో పెంచిన వెదురును నరకడానికి, తరలించడానికి ఆ చట్టం క్రింద అనుమతి అవసరం లేకుండా పోయినది. పెరట్లో, పొలం గట్లపై పెంచిన వెదురును వాడినచో అడవిలోని పొదలపై భారం తగ్గుతుంది.