కాపురం గొడవ, క్రిమినల్ కేసు: అపోహలు – వాస్తవాలు

మొగుడూపెళ్లాల తగవు పెద్దమనుషుల పంచాయితీ దాటిందంటే ఒకవైపు నుంచి "498ఏ పెడతాం" అంటారు. రెండోవైపు నుంచి "అవన్నీ దొంగ కేసులే" అంటారు. భార్యను భర్త, అతని బంధువులు హింసించడాన్ని నేరంగా చేస్తూ 1983లో ఐపీసీలో చేరిన ఆ సెక్షన్ 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో 85, 86 సెక్షన్లుగా ఉంది. శిక్ష మూడేళ్ల వరకు జైలు, జరిమానా. దాని చుట్టూ అల్లుకున్న అపోహలు చాలానే ఉన్నాయి.

అపోహ: ఫిర్యాదు ఇస్తే చాలు, ఇంటిల్లిపాదినీ లోపలేస్తారు.

వాస్తవం: ఏడేళ్లలోపు శిక్ష పడే నేరాల్లో అరెస్టు ఎందుకు అవసరమో పోలీసులు కారణాలు రాయాలని, వాటిని చూడకుండా మేజిస్ట్రేట్ రిమాండ్ విధించకూడదని 2014 జులై 2న సుప్రీంకోర్టు చెప్పింది. అరెస్టు అవసరం లేదనుకుంటే హాజరు కమ్మని నోటీసు ఇస్తారు. అందరూ 41ఏ నోటీసు అనేది ఇదే. సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త నాగరిక్ సురక్షా సంహితలో ఇది 35వ సెక్షన్ కిందికి వచ్చింది. నోటీసును లెక్కచేయకపోతే మాత్రం అరెస్టు కావచ్చు.

అపోహ: అత్త, మామ, ఆడపడుచులు అందరి పేర్లూ రాస్తేనే కేసు గట్టిగా నిలబడుతుంది.

వాస్తవం: అలా రాయడం వల్లే కేసు బలహీనపడుతుంది. భర్త విడాకుల నోటీసు పంపాక భార్య పెట్టిన ఒక కేసు తెలంగాణ నుంచి సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. ఎవరు, ఎప్పుడు, ఏం చేశారో చెప్పని గంపగుత్త ఆరోపణలపై విచారణ సాగనివ్వడం కోర్టు ప్రక్రియను దుర్వినియోగం చేయడమేనంటూ 2024 డిసెంబర్ 10న దాన్ని కొట్టివేసింది. అలాగని హింస పడుతున్న స్త్రీ నోరు మూసుకోవాలని తమ ఉద్దేశం కాదని కూడా అదే తీర్పులో చెప్పింది.

అపోహ: కట్నం అడిగితేనే ఈ సెక్షన్ వర్తిస్తుంది.

వాస్తవం: పై తీర్పు వచ్చిన సరిగ్గా రెండు రోజులకు, డిసెంబర్ 12న, ఆంధ్రప్రదేశ్ కేసులో సుప్రీంకోర్టు దీనికి జవాబిచ్చింది. కట్నం ఊసు లేదన్న కారణంతో హైకోర్టు కొట్టేసిన కేసును మళ్లీ నిలబెట్టింది. ఆత్మహత్యకు పురిగొల్పేంతగా, శరీరానికో మనసుకో తీవ్ర హాని కలిగేంతగా కావాలని వేధించడం దానికదే క్రూరత్వం.

అపోహ: శిక్ష పడలేదంటే అది అబద్ధపు కేసే.

వాస్తవం: నేరం రుజువు కాలేదని మాత్రమే దాని అర్థం. నాలుగు గోడల మధ్య జరిగినదానికి సాక్షులు దొరకరు, మధ్యలో రాజీలు కుదురుతాయి, ఏళ్లు గడిచేకొద్దీ ఓపిక చచ్చిపోతుంది. కీడు చేయాలనే తప్పుడు కేసు పెట్టారంటే దాన్ని విడిగా రుజువు చేయాలి. అందుకు న్యాయ సంహితలో 248వ సెక్షన్ ఉంది.

అపోహ: ఒకసారి కేసు పడ్డాక రాజీకి దారి ఉండదు.

వాస్తవం: ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 2003లోనే అప్పటి చట్టం సవరించి, కోర్టు అనుమతితో రాజీకి వీలు కల్పించింది. భార్య బెదిరింపులకు లొంగి ఒప్పుకోకుండా మూడు నెలల గడువు పెట్టింది. ఇరుపక్షాలూ నిజంగా సర్దుకుంటే కేసు కొట్టివేసే అధికారం హైకోర్టులకు ఉందని సుప్రీంకోర్టు కూడా అదే ఏడాది చెప్పింది.

అపోహ: అమెరికాలో ఉన్న అల్లుణ్ని ఈ కేసు ఏమీ చేయలేదు.

వాస్తవం: వారెంటు గానీ, సమన్లు గానీ జారీ అయితే పాస్‌పోర్టును స్వాధీనం చేసుకునే వీలు చట్టంలోనే ఉంది. లుకౌట్ సర్క్యులర్ ఉంటే విమానాశ్రయంలోనే ఆపుతారు. వాయిదాలకు రాకుండా భార్యను ఏళ్లపాటు తిప్పడమూ కోర్టు ప్రక్రియను దుర్వినియోగం చేయడమే.

ఫిర్యాదు ఇచ్చేవారు ఎవరో రాసిచ్చిన నమూనాపై సంతకం పెట్టకుండా తేదీ, చోటు, మనిషి, జరిగిన సంగతి తమ మాటల్లో రాయాలి. ఆసుపత్రి కాగితాలు, మెసేజ్‌లు ఉంటే జత చేయాలి. అభియోగం ఎదుర్కొనేవారు నోటీసుకు హాజరై, తాము వేరే ఊళ్లో ఉంటే ఆ ఆధారాలు చూపాలి. అవి చాలకపోతే కేసు కొట్టివేయాలని కోరే క్వాష్ పిటిషన్‌తో హైకోర్టుకు వెళ్లే హక్కు ఉండనే ఉంది.