బంతిని నమ్ముకొన్న బ్రతుకు

రైతు నేలను నమ్ముకొని బ్రతుకును. నేతగాడు మగ్గమును నమ్ముకొని బ్రతుకును. కమ్మరి కొలిమిని నమ్ముకొని బ్రతుకును. బంతిని నమ్ముకొని బ్రతుకువారును లోకమున కలరన్నచో మన పెద్దలలో కొందరు నవ్వుదురు. ఆట యనగా పని ముగిసిన పిదప ప్రొద్దుపుచ్చుటకు మాత్రమేనని వారి తలంపు. కాని నేడు ప్రపంచమున వేలకొలది యువతీయువకులకు ఆటయే వృత్తి. వారు ఆటకు జీతము తీసికొందురు. ఒడంబడికలపై సంతకములు చేయుదురు. ఆ వృత్తికొరకు ఇల్లువాకిళ్లు విడిచి దూరదేశములకు పోవుదురు. అట్టి జీవితమున లాభమెంత? దానికి చెల్లింపవలసిన వెల యెంత? ఇరాన్ దేశపు హ్యాండ్‌బాలు క్రీడాకారుల చరిత్రనుండి ఈ ప్రశ్నలకు సమాధానము తెలిసికొనవచ్చును.

ముందుగా ఆటను గూర్చి కొంత చెప్పవలెను. ఫుట్‌బాలు కాలితో ఆడు ఆట. హ్యాండ్‌బాలు చేతితో ఆడు ఆట. డెన్మార్కు దేశమునందు హోల్గర్ నీల్సన్ అను ఉపాధ్యాయుడు తన పాఠశాలలోని బాలురకొరకు ఈ ఆటను తీర్చిదిద్ది, 1906వ సంవత్సరమున నియమములను ప్రకటించెను. తరువాత జర్మనీలో దీనిని పచ్చిక బయళ్లపై, జట్టునకు పదునొకండుగురు చొప్పున ఆడుచుండిరి. 1936లో బెర్లిన్ నగరమున జరిగిన ఒలింపిక్ క్రీడలలో ఆడినది ఆ పద్ధతియే. అయితే ఉత్తర ఐరోపాలో శీతకాలము దీర్ఘము; మంచు కురియుచుండగా బయట ఆడుట కష్టము. అందుచే ఆట క్రమముగా కప్పుక్రిందికి వచ్చెను. ఆటగాండ్ర సంఖ్య ఏడునకు తగ్గెను. ఈ ఏడుగురి ఆట 1972లో మ్యూనిక్ ఒలింపిక్సున పురుషులకు, 1976లో మాంట్రియల్ ఒలింపిక్సున స్త్రీలకు ప్రవేశపెట్టబడినది.

ఆటస్థలము పొడవు 40 మీటర్లు, వెడల్పు 20 మీటర్లు. రెండు కొసలయందు 3 మీటర్ల వెడల్పు, 2 మీటర్ల ఎత్తు గల గోలు స్తంభములుండును. గోలుచుట్టు 6 మీటర్ల దూరమున ఒక గీత కలదు. ఆ గీతలోపల గోలుకీపరు తప్ప మరి యెవ్వరును అడుగు మోపరాదు. కాని గీతకు వెలుపలినుండి ఎగిరి, పాదములు నేలను తాకకముందే బంతిని విసరవచ్చును. ఆటలోని సొగసంతయు ఆ ఎగురుటయందే యున్నది. బంతిని పట్టుకొని మూడడుగులకు మించి నడువరాదు. కదలక మూడు సెకనులకు మించి చేతిలో ఉంచుకొనరాదు. ఆరితేరిన ఆటగాడు విసరిన బంతి గంటకు 100 కిలోమీటర్లకు మించిన వేగముతో పోవును. పెద్ద తప్పిదము చేసినవాడు రెండు నిమిషములు బయట కూర్చుండవలెను. అంతవరకు అతని జట్టు ఒక మనిషి తక్కువగా ఆడవలసినదే. ముప్పది నిమిషముల చొప్పున రెండు భాగములుగా ఆట సాగును.

ఈ ఆటలో గెలుపు చేతికందినట్లే యుండి జారిపోవుట వింతకాదు. 2016వ సంవత్సరమున జర్మనీలోని కొలోన్ నగరమందు ఐరోపా ఛాంపియన్స్ లీగు తుదిపోటీ జరిగినది. హంగరీ దేశపు వెస్‌ప్రేమ్ జట్టు 28 గోలులు చేయగా, పోలెండునకు చెందిన కియెల్సె జట్టు 19 మాత్రమే చేసియుండెను. తొమ్మిది గోలుల వెనుకబాటు! అయినను కియెల్సె జట్టు ఆశ వదలక, ఒక్కొక్క గోలే కూడగట్టుకొని, వేళ ముగియునప్పటికి సమానముగా నిలిచెను. అదనపు సమయమునందును తేలక, కడకు పెనాల్టీ త్రోలతో కియెల్సె గెలిచెను. వెస్‌ప్రేమ్ వంటి గొప్ప సంఘమునకే అట్టి యనుభవము తప్పలేదు.

ఇక ఇరాన్ దేశపు సంగతి. ఇది బలమును, వ్యాయామమును అనాదిగా గౌరవించిన దేశము. అచ్చటి జూర్‌ఖానా యను వ్యాయామశాలలలో డోలు దరువునకు అనుగుణముగా బరువైన కొయ్య గదలను త్రిప్పు ఆచారము నేటికిని కలదు. 2010లో యునెస్కో సంస్థ దానిని మానవజాతి వారసత్వములలో ఒకటిగా గుర్తించెను. మనము నిత్యము వాడు 'పహిల్వాను' అను మాట ఆ పారసీక భాషనుండి వచ్చినదే. అయితే ఆ దేశమున జనులు మిక్కిలి మక్కువతో చూచునవి కుస్తీ, ఫుట్‌బాలు, బరువులెత్తుట, వాలీబాలు. హ్యాండ్‌బాలునకు వాని తరువాతి స్థానమే. కనుక అచ్చట హ్యాండ్‌బాలును వృత్తిగా చేకొనువాడు, జనాదరణ కొలదిగా నుండునని యెరిగియే ఆ దారి త్రొక్కవలెను.

అతని మొదటి మెట్టు పాఠశాల. రెండవది ఊరి క్రీడాసంఘము. ఇరాన్‌లో కొన్ని క్రీడాసంఘములను పెద్ద కర్మాగారములు పోషించును. ఇస్ఫహాన్ నగరపు సెపాహాన్ సంఘము అట్టిది. ముబారకే ఉక్కు కర్మాగారము దానికి అండ. మన దేశమునందు రైల్వేలు, సైన్యము, పోలీసు శాఖ క్రీడాకారులకు ఉద్యోగములిచ్చి ఆదరించుట మీరెరుగుదురు గదా! అటులనే అచ్చటను ఆటకు ఏదో యొక ఆధారము కావలెను.

ఇరాన్ జట్టు పైకి వచ్చిన తీరు మెల్లనిది. ఆసియా క్రీడలలో హ్యాండ్‌బాలు మొదటిసారిగా ఆడబడినది మన ఢిల్లీ నగరముననే, 1982లో. నాడు చైనా, జపాను, దక్షిణ కొరియా జట్లు పతకములు గొనిపోయినవి. 2006లో దోహా క్రీడలలో ఇరాన్ కాంస్యపతకమును గెలిచెను. 2010లో గ్వాంగ్‌జౌ క్రీడలలో తుదిపోటీవరకు పోయి, దక్షిణ కొరియాచే ఓడి, రజతపతకమును పొందెను. 2014లో బహ్రెయిన్‌లో జరిగిన ఆసియా ఛాంపియన్‌షిప్పులో మూడవ స్థానము సంపాదించి, 2015లో కతర్ దేశమున జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్పునకు తొలిసారిగా అర్హత పొందెను.

జట్టు ఇట్లు ఎదుగుచుండగా, కొందరి దృష్టి ఐరోపావైపు మరలెను. ఏలయన హ్యాండ్‌బాలునకు పుట్టినిల్లు ఐరోపా. జర్మనీ, ఫ్రాన్సు, హంగరీ, రుమేనియా మున్నగు దేశములలో వేలమంది ప్రేక్షకులు నిండిన క్రీడామందిరములు, మంచి శిక్షకులు, మంచి వేతనములు కలవు. ఉత్తముల సరసన ఆడినగాని తానుత్తముడనో కాదో ఆటగానికి తెలియదు. కాని పోవుట సులభము కాదు. ఇరాన్‌లో పదునెనిమిదేండ్లు నిండిన యువకులకు సైనికసేవ విధి. అది ముగియనివారు దేశము విడుచుటకు ప్రత్యేకానుమతి పొందవలెను. ఆ వయస్సే ఆటగానికి రెక్కలు వచ్చు వయస్సు! అది దాటి పరదేశమునకు చేరినను, భాష క్రొత్తది, వంటకము క్రొత్తది, చలి క్రొత్తది. శిక్షకుని కేక అర్థము గాకున్న ఆట సాగదు.

ఆ దారిని పోయినవారిలో ఇమాన్ జమాలీ యొకడు. అతడు 1991లో టెహ్రానునకు పడమట, అల్బోర్జ్ పర్వతముల పాదమునందున్న కరజ్ నగరమున జన్మించెను. హంగరీకి పోయి, పైన చెప్పిన వెస్‌ప్రేమ్ సంఘమున చేరెను. ఆ నగరము చిన్నదే యైనను దాని జట్టు ఐరోపాలోని మేటి జట్లలో నొకటి. అతడు అచ్చట ఆడుటతో ఆగలేదు. హంగరీ పౌరసత్వము పొంది, ఆ దేశపు జాతీయజట్టు దుస్తులు ధరించి పోటీలలో ఆడెను.

ఇచ్చట ఒక చిక్కుప్రశ్న పుట్టును. ఒక దేశమున పుట్టి, ఆ నేలపై ఆట నేర్చినవాడు మరియొక దేశము పక్షమున ఆడవచ్చునా? అంతర్జాతీయ హ్యాండ్‌బాలు సమాఖ్య ఆడవచ్చునని చెప్పినది. క్రొత్త దేశపు పౌరసత్వముండవలెను, మునుపటి దేశము పక్షమున అధికారిక పోటీలలో ఆడి మూడు సంవత్సరములు గడచియుండవలెను, ఇవియే షరతులు. చట్టము సమ్మతించినంత మాత్రమున మనస్సు సమ్మతింపవలెనని లేదు. ఎత్తి పెంచిన ఊరు, అక్షరము వలెనే ఆట నేర్పిన గురువు, చప్పట్లు చరచిన తోడివారు తమవాడు తమకు దక్కలేదని చింతించుట సహజము. అయితే రెండవ పక్షమును కూడ వినవలెను. ఆటగాని ప్రాయము కొద్దికాలమే నిలుచును. ముప్పదియైదేండ్లు వచ్చుసరికి పెక్కుమంది ఆట విరమింతురు. భుజము, మోకాలు, చీలమండ దెబ్బతిని అంతకుముందే విరమించువారును కలరు. ఆ కొలది యేండ్లలో తన విద్య యెచ్చట పండునో అచ్చటికి పోవుట స్వార్థమేనా? చదువుకొరకు, వైద్యవృత్తికొరకు, యంత్రవిద్యకొరకు మన తెలుగువారెందరో దూరదేశములకు పోయి, అచ్చటి పౌరులైరి. వారిని మనము మనవారు కారనుచున్నామా?

అందరును ఒకే దారి పోలేదు. సయీద్ హైదరీరాద్ రుమేనియాలోని బుఖారెస్టు దినమో సంఘమున ఆడినను, జాతీయజట్టు విషయమున ఇరాన్ పక్షముననే నిలిచెను. అతడు పివట్ అను స్థానమున ఆడువాడు. పివట్ అనగా ఎదుటిజట్టు రక్షకుల నడుమ, 6 మీటర్ల గీతయొద్ద, వెన్ను గోలువైపు పెట్టి నిలుచువాడు. ఇరువైపుల త్రోపుడులు సహించుచు, తోడివాడు అందించిన బంతిని రెప్పపాటులో గోలునకు త్రిప్పుట అతని పని. గోలు కంటె దెబ్బలే యెక్కువగా దొరకు స్థానమది.

2022 ఆసియా పోటీలలో నాల్గవ స్థానము పొందిన ఇరాన్ జట్టు, 2023లో పోలెండు, స్వీడను దేశములందు జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్పునకు రెండవసారి అర్హత గడించెను. అప్పటి శిక్షకుడు వెసెలిన్ వూయోవిచ్. ఇతడు మాంటెనీగ్రోలో పుట్టినవాడు. యుగోస్లావియా జట్టుతో 1984లో ఒలింపిక్ స్వర్ణమును గెలిచినవాడు. 1988లో ప్రపంచపు ఉత్తమ క్రీడాకారుడుగా ఎన్నికైనవాడు. దైవికముగా ఆ పోటీలలో ఇరాన్, మాంటెనీగ్రో జట్లు ఒకే వర్గమున పడినవి. కరజ్ నగరపు బిడ్డ హంగరీకి ఆడినట్లే, మాంటెనీగ్రో బిడ్డ ఇరాన్‌కు శిక్షకుడై తన జన్మభూమి జట్టునకే ఎదురుగా నిలిచెను. అతనిని ద్రోహి యన్నవారు లేరు. పనివాడు తన పనిని నిజాయితీగా చేసెననిరి. శిక్షకునకు వర్తించు న్యాయము ఆటగానికేల వర్తింపరాదు? ఆ యేడు ఇరాన్ జట్టు చిలీ జట్టును గెలిచి, తన చరిత్రలో తొలిసారిగా ప్రధానదశలో ప్రవేశించెను.

ఇరాన్ స్త్రీల కథ మరింత కఠినమైనది. వారు దేశాచారము ననుసరించి తల, చేతులు, కాళ్లు కప్పుకొని ఆడుదురు. 2021లో స్పెయిన్ దేశమున జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్పున వారు తొలిసారిగా పాల్గొనిరి. ఆ యేటి విజేతయైన నార్వే జట్టు వారిని చాల గోలుల తేడాతో ఓడించినది. అయినను ఆ పోటీలో ఉత్తమ క్రీడాకారిణి బహుమతి ఓడిన జట్టులోని గోలుకీపరునకు లభించెను. ఆమె పేరు ఫాతెమే ఖలీలీ బెహ్‌ఫర్. తన పేరు చదువగా విని ఆమె కన్నీరు నిలుపుకొనలేకపోయెను. ఎడతెగక వచ్చిపడు బంతులకు వెన్ను చూపక నిలిచిన ధైర్యమును న్యాయనిర్ణేతలు గుర్తించిరి.

ఇప్పుడు మన దేశమునందును ఈ ఆట వృత్తిగా మారు సూచనలు కనబడినవి. 2023లో జైపూరు నగరమున జరిగిన ప్రీమియర్ హ్యాండ్‌బాల్ లీగులో తెలుగు టాలన్స్ అను పేర మన తెలుగుజట్టు కూడ ఆడినది. రేపు మీలో ఒకరికి ఈ వృత్తిపై మక్కువ కలుగవచ్చును. అట్లు కలిగినచో పైన చెప్పిన లెక్కలు మరువకుడు. ఇది పదునైదేండ్ల వృత్తి. జీవితము అంతకంటె దీర్ఘమైనది. ఆటతోపాటు చదువును, ఒక పరభాషను నేర్చినవాడు, భుజము అలసిన నాడు శిక్షకుడుగానో, ఉపాధ్యాయుడుగానో, మరియొక రీతినో బ్రతుకగలడు. వూయోవిచ్ వంటివారు అట్లే బ్రతికిరి. బంతినొక్కదానినే నమ్ముకొన్నవానికి ఆ బంతి దూరమైననాడు దిక్కు తోచదు.

ఏ దేశపు దుస్తులు తొడిగెనని మాత్రమే క్రీడాకారుని తూచరాదు. అందిన బంతిని వేళకు తోడివాని కందించెనా, ఓడునపుడు నిలిచెనా, తనకు నేర్పినవారిని తలచుకొనెనా యని కూడ చూడవలెను.