మీకు తెలుసా? నిచ్చెన మెట్టే తుపాకీకి ఆసరా!

రైఫిల్ షూటింగ్ అనగానే మనకు గగన్ నారంగ్ గుర్తొస్తాడు. హైదరాబాద్‌లో పెరిగిన ఆయన 2012 లండన్ ఒలింపిక్స్‌లో కాంస్యం గెలిచింది 10 మీటర్ల ఎయిర్ రైఫిల్‌లో. అదే ఏడాది అమెరికాలో మొదలైన ప్రెసిషన్ రైఫిల్ సిరీస్ పోటీల దారే వేరు. అక్కడ గురి వందల మీటర్ల అవతల వేలాడే ఉక్కు పలక.

బోర్లా పడుకుని తీరిగ్గా కాలుద్దామంటే కుదరదు. నిచ్చెన మెట్టు, పాత టైరు, ఏటవాలు పైకప్పు, చెక్క అడ్డుగోడ... ఏది చూపిస్తే దానిమీదే తుపాకీ ఆనించాలి. చాలా రౌండ్లకు ఇచ్చేది 90 సెకన్లే. ఆలోపే చోట్లు మారాలి, గాలి లెక్క కట్టాలి.

గొట్టం డిగ్రీలో 17వ వంతు పక్కకు జరిగిందా, 1000 మీటర్ల దగ్గర గుండు మీటరు దూరం తప్పుతుంది! అందుకే మెట్టుకీ తుపాకీకీ మధ్య ఇసుకో, ప్లాస్టిక్ పూసలో నింపిన చిన్న సంచిని దిండులా అణిచి పెడతారు. అసలు కిటుకు మాత్రం ఒంట్లోనే ఉంది. గురి కుదిరాక ఒళ్లు వదులు చేసి, కళ్లు మూసి తెరవాలి. గురి పక్కకు పోయి ఉంటే తుపాకీని చేత్తో నెట్టకూడదు, కాళ్లు సర్దుకోవాలి.

ఈ సాధనకు మైదానమే అక్కర్లేదు. తూటాలన్నీ పక్క గదిలో పెట్టేసి, లోపల తూటా లేదని రెండుసార్లు చూసుకున్న తుపాకీతో, ఇంట్లో కుర్చీ వీపుమీద ఆనించి ట్రిగ్గర్ నొక్కడం చాలామంది ఆటగాళ్ల రోజువారీ పని. దాన్నే డ్రై ఫైర్ అంటారు.