చేతబడి కాదు, థాలియం: ఒక పాపను బతికించిన డిటెక్టివ్ నవల

1977లో ఖతార్ నుంచి పందొమ్మిది నెలల పాపను విమానంలో లండన్‌కు తీసుకొచ్చి హామర్‌స్మిత్ ఆసుపత్రిలో చేర్చారు. అప్పటికే పాప అర్ధస్పృహలో ఉంది. ఎన్ని పరీక్షలు చేసినా జబ్బేమిటో వైద్యులకు అంతుపట్టలేదు. పరిస్థితి రోజురోజుకూ విషమించసాగింది. అంతలో పాప జుట్టు ఊడటం మొదలైంది.

పాపను చూసుకుంటున్న నర్సుల్లో ఒకరు ఆ రోజుల్లో ఒక డిటెక్టివ్ నవల చదువుతున్నారు. అందులోని మృతుల లక్షణాలూ పాప లక్షణాలూ ఒకేలా ఉన్నాయని ఆమెకు తట్టింది. ఇది థాలియం విషం కావచ్చని వైద్యులకు చెప్పారు. మూత్రాన్ని పరీక్షిస్తే ఆమె అనుమానమే నిజమైంది. బొద్దింకలు, ఎలుకల కోసం ఇంట్లో వాడిన మందులో థాలియం ఉంది. కారణం తెలిశాక సరైన చికిత్స అందింది, పాప కోలుకుంది.

ఆ నవల ‘ద పేల్ హార్స్’. రచయిత్రి అగాథా క్రిస్టీ. అప్పటికి ఆమె చనిపోయి ఏడాది దాటింది.

మందులు కలిపిన చేతులు

క్రిస్టీ 1890 సెప్టెంబరు 15న ఇంగ్లండ్‌లోని టోర్కీ పట్టణంలో పుట్టారు. 66 డిటెక్టివ్ నవలలు, ఎన్నో కథలు, నాటకాలు రాశారు. హెర్క్యూల్ పాయిరో, మిస్ మార్పుల్ ఆమె సృష్టించిన పాత్రలే. ఆమె నాటకం ‘ద మౌస్‌ట్రాప్’ 1952లో లండన్‌లో మొదలైంది. కరోనా కాలంలో వచ్చిన విరామం తప్ప అది నేటికీ నడుస్తూనే ఉంది.

అయితే ఆమె రచనల వెనక ఉన్న రసాయన శాస్త్రం గురించి తెలిసినవాళ్లు తక్కువ. 1914లో మొదటి ప్రపంచ యుద్ధం మొదలవగానే క్రిస్టీ టోర్కీలోని ఆసుపత్రిలో స్వచ్ఛంద నర్సుగా చేరారు. తర్వాత మందులు తయారు చేసే విభాగానికి మారారు. మాత్రలు, టానిక్కులు నేటిలా ఫ్యాక్టరీల నుంచి వచ్చే రోజులు కావవి. పొడులనూ ద్రావణాలనూ తూచి, కొలిచి, అక్కడికక్కడే కలపాలి. మందుకూ విషానికీ తేడా మోతాదు మాత్రమే. 1917లో ఆమె ఈ పనికి అవసరమైన పరీక్ష పాసయ్యారు. రెండో ప్రపంచ యుద్ధ కాలంలోనూ లండన్‌లోని యూనివర్సిటీ కాలేజ్ ఆసుపత్రిలో ఇదే పని చేశారు.

శిక్షణ రోజుల్లో జరిగిన ఒక సంఘటనను ఆమె ఆత్మకథలో రాశారు. పాఠం చెప్పే ఫార్మసిస్టు ఒకరోజు లెక్కలో దశాంశ బిందువును తప్పు చోట పెట్టాడు. దాంతో మందు పది రెట్లు ఎక్కువైంది. అంతటి అనుభవజ్ఞుడికి ‘మీరు తప్పు చేశారు’ అని చెప్పే ధైర్యం ఆ కొత్త విద్యార్థినికి లేకపోయింది. అలాగని ఆ మందు రోగులకు చేరనివ్వనూ లేదు. కాలు జారినట్టు నటించి, ట్రే కింద పడేసి, మందును తొక్కేశారు.

ముష్టి గింజల విషం

ఆసుపత్రిలో పని చేస్తూనే మొదటి నవల ‘ద మిస్టీరియస్ అఫైర్ ఎట్ స్టైల్స్’ రాశారు. 1920లో అది అచ్చయింది. అందులోని విషం స్ట్రిక్నిన్. మన అడవుల్లో పెరిగే ముష్టి చెట్టు గింజల్లో ఉండేది అదే. ఆ కాలంలో దాన్ని అతి కొద్ది మోతాదులో టానిక్కుల్లో కలిపేవారు.

ఆ టానిక్కులో బ్రోమైడ్ పొడి కలిపితే ఏమవుతుంది? స్ట్రిక్నిన్ బ్రోమైడ్ లవణంగా మారుతుంది. అది నీటిలో అంత బాగా కరగదు. మెల్లగా స్ఫటికాలు కట్టి సీసా అడుగుకు చేరుతుంది. రోజూ తాగే మోతాదుల వల్ల ఏ ప్రమాదమూ ఉండదు. చివరి మోతాదులో మాత్రం ప్రాణం తీసేంత విషం ఉంటుంది. ఏ రెండు మందులు కలపకూడదో ఫార్మసీ విద్యార్థులు నేర్చుకునే పాఠమే నవలలో హత్యగా మారింది. ఫార్మసీ వృత్తి పత్రిక ఒకటి ఈ విషయ పరిజ్ఞానాన్ని మెచ్చుకుంది. ఆ సమీక్ష క్రిస్టీకి ఎంతో గర్వకారణమైంది.

పొటాషియం వేషంలో

‘ద పేల్ హార్స్’ 1961లో వచ్చింది. సరిగ్గా వందేళ్ల ముందు, 1861లో, విలియం క్రూక్స్ వర్ణపటంలో కనిపించిన ఒక పచ్చటి గీత ఆధారంగా థాలియం మూలకాన్ని కనుగొన్నారు. గ్రీకులో ‘థాలోస్’ అంటే పచ్చని చిగురు.

పేరు అందంగా ఉన్నా గుణం భయంకరం. నీటిలో కరిగే థాలియం లవణాలకు రంగు, రుచి, వాసన ఉండవు. పైగా థాలియం అయాన్ పరిమాణంలోనూ ఆవేశంలోనూ పొటాషియం అయాన్‌ను పోలి ఉంటుంది. నరాలకూ కండరాలకూ పొటాషియం తప్పనిసరి. అందుకే కణాలు థాలియాన్ని పొటాషియం అనుకుని లోపలికి రానిస్తాయి. లోపలికి వెళ్లాక అది పొటాషియం పని చేయదు సరికదా, ఆ పనిని చెడగొడుతుంది. ముందు కడుపునొప్పి, వాంతులు, తర్వాత కాళ్లలో మంటలు, తిమ్మిర్లు వస్తాయి. ఇవన్నీ వేరే జబ్బుల్లోనూ కనిపించేవే. అసలు గుట్టు విప్పే లక్షణం జుట్టు ఊడటం. అది బయటపడేసరికి సాధారణంగా రెండు మూడు వారాలు గడిచిపోతాయి.

దీనికి విరుగుడు ప్రష్యన్ బ్లూ. చిత్రకారులు వాడే నీలిరంగే శుద్ధి చేసిన రూపంలో మందైంది. అది పేగుల్లో థాలియాన్ని పట్టి ఉంచి మళ్లీ రక్తంలోకి పోనివ్వదు. అలా పట్టుబడిన థాలియం మలంతో బయటకు వెళ్లిపోతుంది.

నవలలో వరుసగా మనుషులు చనిపోతుంటారు. ముగ్గురు మహిళలు చేతబడితో చంపుతున్నారని ప్రచారం. చివరకు తేలేదేమంటే, మంత్రమూ లేదు, తంత్రమూ లేదు. ఉన్నది మృతులు రోజూ వాడే సరుకుల్లోకి ఎవరో చేర్చిన ఒక లోహపు లవణం. భయం గొలిపే కథను చెబుతూనే క్రిస్టీ దానికి కారణాన్ని రసాయన శాస్త్రంలో చూపించారు. లక్షణాలను నాటకీయత కోసం మార్చలేదు. మార్చి ఉంటే పదహారేళ్ల తర్వాత ఆ నర్సుకు పోలిక తట్టేది కాదు.

పాప కేసును వైద్య పత్రికలో ప్రచురించినప్పుడు వైద్యులు నర్సుతో పాటు క్రిస్టీకీ కృతజ్ఞతలు చెప్పారు. ఎలుకల మందుగా థాలియం వాడకాన్ని అమెరికా 1972లో నిషేధించింది. తర్వాత చాలా దేశాలు అదే బాట పట్టాయి. అయినా ఇంట్లో వాడే ఏ పురుగుల మందైనా పిల్లలకు అందకుండా ఉంచాల్సిందే. అంతుపట్టని జబ్బుతో ఆసుపత్రికి వెళ్తే, ఇంట్లో ఏ మందు చల్లారో, ఎప్పుడు చల్లారో డాక్టరుకు చెప్పాలి. ఖతార్ పాప విషయంలో దొరకని ఆధారం అదే.