అమ్మ ట్యాబు, మూతపడిన కొట్టు

తప్పు నాదే. అది ముందే ఒప్పేసుకుంటే మిగతా కథ చెప్పడం తేలిక.

2023 నవంబరులో అమ్మ మా దగ్గరికి, డాలస్ పక్కన ఫ్రిస్కోకి వచ్చింది. సూట్‌కేసుల నిండా ఆవకాయ, కందిపొడి, సున్నుండలు. చేతిసంచీలో మాత్రం ఒక పాత ట్యాబు. ఎప్పుడో నాన్న కోసం నేనే కొని పంపింది. ఆండ్రాయిడ్ 4.4. అంటే 2013 నాటి సరుకు.

నాన్న రోజూ పొద్దున్నే భాగవతం చదివేవారు. అమ్మ ఆ ట్యాబు పక్కన పెట్టి రికార్డు చేసేది. గజేంద్రమోక్షం, ప్రహ్లాద చరిత్ర, రుక్మిణీ కల్యాణం. మధ్యలో ఆయన దగ్గు, కుక్కరు కూతలు, "కాఫీ అయిందా?" అన్న కేక కూడా ఉంటాయి. ఆయన పోయి నాలుగేళ్ళు. ఇప్పటికీ అమ్మ దీపం పెట్టగానే ట్యాబులో నారింజరంగు టోపీ బొమ్మ నొక్కి, నిన్న ఆపిన చోటినుంచి వింటుంది. ఆ టోపీ వీఎల్‌సీ ప్లేయరు.

ట్యాబు మరీ నెమ్మదిగా ఉందని ఒక ఆదివారం "బాగుచేసి పెడతానమ్మా" అని తీసుకుని ఫ్యాక్టరీ రీసెట్ కొట్టాను. రికార్డింగులన్నీ మెమరీ కార్డులో ఉన్నాయి కాబట్టి వాటికేం కాలేదు. మర్నాడు పొద్దున్నే అమ్మ ట్యాబు పట్టుకుని వచ్చింది.

"ఒరేయ్, నా టోపీ ఏదిరా?"

ఐదు నిమిషాల పని అనుకున్నాను. ట్యాబుతో వచ్చిన స్టోరు సైన్ ఇన్ అడిగింది. ఆ ఖాతా నాన్నది, పాస్‌వర్డు ఆయనతోనే పోయింది. కొత్త ఖాతాతో ప్రయత్నిస్తే చక్రం తిరిగి తిరిగి ఆగిపోయింది. ఆండ్రాయిడ్ 4.4కి ప్లే సర్వీసెస్ కొత్త వెర్షన్లు ఆ ఏడాదే ఆగిపోయాయని తర్వాత గుర్తొచ్చింది. ట్యాబుతో వచ్చిన ప్లేయరేమో ఫైళ్ళన్నీ కలగాపులగం చేసి, ఎక్కడ ఆపామో మర్చిపోతోంది.

"కొత్త ఫోనులో వేసిస్తానమ్మా" అన్నాను.

"అందులో ఫోన్లొస్తాయిరా. మీ నాన్న చదువుతుంటే మధ్యలో ఎవరో ఒకరు పిలుస్తారు."

దానికి నా దగ్గర జవాబు లేదు.

అప్పుడు ఎఫ్-డ్రాయిడ్ గుర్తొచ్చింది. 2010లో సియారన్ గల్ట్‌నీక్స్ మొదలుపెట్టిన యాప్ స్టోరు ఇది. సోర్స్ కోడ్ అందరికీ తెరిచి ఉన్న యాప్‌లే ఇందులో ఉంటాయి. డబ్బు కట్టక్కర్లేదు, ఖాతా అక్కర్లేదు, పాస్‌వర్డు అంతకన్నా అక్కర్లేదు. వీఎల్‌సీ కూడా ఉంది. కాకపోతే ఈ కొట్టుని మనమే చేత్తో ఎక్కించుకోవాలి. నేను చేసినవి చేసిన వరసలోనే చెబుతాను.

మొదట మెమరీ కార్డు తీసి, రికార్డింగులన్నీ ల్యాప్‌టాపులోకీ ఇంకో డిస్కులోకీ కాపీ చేశాను. ఈ పని రీసెట్‌కి ముందే చేయాల్సింది.

తర్వాత తేదీ చూశాను. ట్యాబు ఇంకా ఎక్కడో పాత సంవత్సరంలోనే ఉంది. వెబ్‌సైట్ల భద్రతా సర్టిఫికెట్లకి "ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ వరకు" అని గడువుంటుంది. గడియారం తప్పైతే మంచి సర్టిఫికెట్ కూడా చెల్లదు. చాలా పాత పరికరాల్లో సగం జబ్బు ఇదే.

ఆ తర్వాత ఏపీకే ఫైలు, అంటే యాప్ మొత్తం మూటగట్టిన ఫైలు. దాన్ని ల్యాప్‌టాపులో ఎఫ్-డ్రాయిడ్ సొంత సైటునుంచే దించాను. ఏపీకేలు ఊరూపేరూ లేని సైట్లలో కూడా దొరుకుతాయి. వాటి జోలికి వెళ్ళకండి, లోపల ఎవరేం కలిపారో తెలీదు. యూఎస్‌బీ తీగతో ట్యాబులోకి పంపి, సెట్టింగ్స్‌లో సెక్యూరిటీ కింద "అన్‌నోన్ సోర్సెస్" టిక్కు పెట్టాను. ఆండ్రాయిడ్ 8 నుంచి ఈ అనుమతి ఒక్కో యాప్‌కి విడిగా ఇవ్వాలి. పాతవాటిలో మొత్తానికి ఒకటే తాళం.

ఫైలు నొక్కితే "ప్యాకేజీని పార్స్ చేయడంలో సమస్య" అన్నాడు. ఫైలు పాడైపోయిందనుకుని రెండుసార్లు మళ్ళీ దించాను. ఫైలు బాగానే ఉంది. ప్రతి ఏపీకేలోనూ "కనీసం ఈ ఆండ్రాయిడ్ ఉండాలి" అని రాసి ఉంటుంది. నేను దించిన తాజా వెర్షన్ 4.4 కన్నా పైదాన్ని అడుగుతోంది. వెనక్కి వెళ్ళి పాత వెర్షన్లు ఒక్కొక్కటీ చూస్తే, ఒకటి ఎక్కింది.

కొట్టు తెరుచుకుంది. సరుకుల జాబితా దిగడానికి చాలాసేపు పట్టింది. అందులో నచ్చిన సంగతేమిటంటే, మన పరికరానికి సరిపడని వాటిని అదే పక్కన పెట్టేస్తుంది. వీఎల్‌సీ అని వెతికాను, ఇన్‌స్టాల్ నొక్కాను. టోపీ వచ్చింది. వెంటనే అన్‌నోన్ సోర్సెస్ టిక్కు తీసేశాను.

ఇదే పని ఇవాళ చేయాలంటే ఇంకో చిక్కుంది. లెట్స్ ఎన్‌క్రిప్ట్ అనే సంస్థ ఉచితంగా ఇచ్చే సర్టిఫికెట్లు చాలా సైట్లు వాడతాయి. వాటి మూల సర్టిఫికెట్‌ని ఆండ్రాయిడ్ 7.1.1 కన్నా పాతవి గుర్తుపట్టవు. వాటికోసం చేసిన సర్దుబాటు గడువు 2024 సెప్టెంబరుతో తీరిపోయింది. కాబట్టి ఇప్పుడు కొట్టు ఎక్కినా జాబితా దిగకపోవచ్చు. అలాంటప్పుడు కావలసిన యాప్ ఏపీకేని కూడా తీగమీదే పంపడం తేలిక.

ఇంకొక్క మాట. ఇంత పాత పరికరానికి భద్రతా అప్‌డేట్లు ఎప్పుడో ఆగిపోయాయి. అందులో బ్యాంకు యాప్‌లు, యూపీఐ, మెయిలు పెట్టకండి. మేం యాప్ ఎక్కాక వైఫై కూడా ఆపేశాం. పాటలకీ పద్యాలకీ ఇంటర్నెట్ ఎందుకు?

మర్నాడు పొద్దున్న మేడమీదున్న నాకు కింద దేవుడి గూటి దగ్గరనుంచి నాన్న గొంతు వినపడింది. మెట్లు దిగి వచ్చేసరికి "కాఫీ అయిందా?" అన్న చోటికి వచ్చింది. వత్తి సవరిస్తూ అమ్మ అలవాటుగా "ఆఁ, అయింది" అంది.

మీ ఇంట్లోనూ ఇలాంటి పాత ట్యాబో ఫోనో ఉండే ఉంటుంది. బాగుచేద్దామని చేతిలోకి తీసుకునేముందు, అది వాడే మనిషిని పక్కన కూర్చోబెట్టుకుని, రోజూ ఏం నొక్కుతారో ఒకసారి చూపించమనండి. నేను అడగలేదు.