ఒకే కోట, ఎన్నో పుస్తకాలు

గత వేసవి సెలవులలో మా చెల్లెలి కుమార్తె ప్రొద్దుటూరులోని మా ఇంటికి వచ్చి ఇరవై రోజులున్నది. ఇంటర్మీడియట్ మొదటి సంవత్సరం పూర్తి చేసిన పిల్ల. జొహర్ నమాజు అయ్యాక ఇంటిల్లిపాదీ ఎండకు తాళలేక నడుం వాలిస్తే, తాను మాత్రం నా బీరువాలోంచి ఏదో ఒక పుస్తకం తీసుకొని వరండాలో కూర్చునేది. ఒకనాటి సాయంత్రం ఒక చారిత్రక నవలను తెచ్చి నా ముందు పెట్టి, "మామూ, ఇందులో దుర్మార్గులందరికీ మన పేర్లే ఉన్నాయి. ఇదంతా నిజమేనా?" అని అడిగింది.

నేను నోరు తెరిచేలోపే లోపలి నుండి మా అమ్మ కల్పించుకున్నది. "అలాంటివి పిల్లల చేతికెందుకిస్తావు? తీసి పెట్టెలో పెట్టు."

అమ్మ ఆందోళనలో తప్పేమీ లేదు. ఎదిగే వయస్సులోని బిడ్డకు తన తండ్రి పేరో, తాత పేరో పుస్తకంలో ప్రతినాయకుని పేరై కనిపిస్తే మనసు చివుక్కుమంటుంది. అయితే పెట్టెలో పెట్టినంత మాత్రాన ఆ కథ ఆగదు. రేపు సినిమాగా వస్తుంది, ఎల్లుండి సెల్‌ఫోన్‌లో ముక్కలు ముక్కలుగా వస్తుంది. అప్పుడు ఇది నిజమేనా అని అడగడానికి మామూ పక్కన ఉండడు. ముప్పై ఏళ్ళపాటు బడిలో సాంఘికశాస్త్రం బోధించిన నాకు ఆ క్షణాన తోచిన ఉపాయం ఒక్కటే. ఆ నవలను అక్కడే ఉంచి, దాని పక్కన మరో పుస్తకం పెట్టాలి. ఏ పుస్తకం పెట్టాలన్నది తేల్చుకోవడానికి మాత్రం రెండు రోజులు పట్టింది.

ఆ ఆదివారం ఫజర్ తరువాత ఇద్దరం జమ్మలమడుగు బస్సెక్కాము. అక్కడి నుండి గండికోట పదిహేను కిలోమీటర్లు. ఎర్రని బండల నడుమ లోతుగా పారే పెన్నా, దాని ఒడ్డున కోట. లోపల మాధవరాయస్వామి ఆలయ గోపురం, రంగనాథాలయం, పెద్ద ధాన్యాగారం, దాని సమీపంలోనే జామియా మసీదు. మసీదు నీడలో కూర్చొని నేను సంచిలోంచి టావెర్నియర్ యాత్రా గ్రంథపు ఆంగ్లానువాదాన్ని తీశాను.

జీన్ బాప్టిస్ట్ టావెర్నియర్ ఫ్రాన్సు దేశపు రత్నాల వ్యాపారి. ఆరుసార్లు తూర్పు దేశాలకు ప్రయాణించాడు. తన యాత్రల గ్రంథాన్ని 1676లో పారిస్‌లో ప్రచురించాడు. 1652 సెప్టెంబరులో ఆయన ఈ గండికోటకే వచ్చాడు. గోల్కొండ సుల్తాను అబ్దుల్లా కుతుబ్‌షా సేనాని మీర్ జుమ్లా అంతకు రెండేళ్ళ క్రితమే, 1650లో, పెమ్మసాని నాయకుల నుండి ఈ కోటను గెలుచుకున్నాడు. గోల్కొండ సుల్తానుకు అమ్మదలచిన ఆభరణాలను ముందుగా ఆయనకు చూపడానికి ఫ్రెంచి వ్యాపారి వచ్చాడన్నమాట.

టావెర్నియర్ చిత్రించిన మీర్ జుమ్లా ఏ నవలలోనూ కనిపించడు. గుడారంలో కూర్చొని, కాలి వేళ్ళ సందున కొన్ని కాగితాలు, ఎడమ చేతి వేళ్ళ సందున మరికొన్ని ఇరికించుకొని, ఒక్కొక్కటే తీసి గుమాస్తాలకు జవాబులు చెప్పి వ్రాయిస్తుంటాడు. ఇది వినగానే మా పిల్ల ఫక్కున నవ్వింది. "మా కాలేజీ ఆఫీసులో పెద్ద గుమాస్తా కూడా అంతే మామూ" అన్నది. మూడున్నర శతాబ్దాల దూరం ఆ నవ్వుతో చెరిగిపోయింది. యాత్రికుని రచన చేయగలిగిన మేలు ఇదే. వీరుడనో దుర్మార్గుడనో తీర్పు చెప్పకముందే మనిషిని చూపిస్తుంది.

అదే గ్రంథంలో మనకు రుచించని పుట కూడా ఉన్నది. దానిని దాటవేద్దామని నాకు ఒక్క క్షణం అనిపించిన మాట వాస్తవం. మీర్ జుమ్లా ఫిరంగులు పోతపోయించడానికి ఆలయాల నుండి రాగి విగ్రహాలను తెప్పించాడనీ, ఆ పని అప్పగించబడిన మయే అనే ఫ్రెంచివాడు గండికోట ఆలయానికి చెందిన ఆరు విగ్రహాలను ఎంత ప్రయత్నించినా కరిగించలేకపోయాడనీ టావెర్నియర్ వ్రాశాడు. చదివి వినిపించాను. పిల్ల చాలాసేపు గోపురం వైపే చూస్తూ ఉండిపోయింది. "అయితే నవలలో ఉన్నది నిజమే" అన్నది చివరకు.

కొంత నిజమే అన్నాను. తప్పు చేసినవాడు మన పేరువాడైనంత మాత్రాన అది ఒప్పైపోదు. న్యాయం విషయంలో మనవారూ పరాయివారూ అనే తేడా చూపరాదన్నది మన ధర్మం మనకు నేర్పిన మొదటి పాఠాలలో ఒకటి. ఆ తరువాత మీర్ జుమ్లా మిగతా కథ చెప్పాను. ఇరాన్ నుండి బ్రతుకుతెరువు కోసం వచ్చి వజ్రాల వ్యాపారంలో అపార ధనం గడించినవాడు. కర్ణాటక సీమను తన సొంత రాజ్యంలా ఏలుకోబోయి తన సుల్తానుతోనే చెడినవాడు. చివరకు మొగలుల పక్షం చేరి, 1656లో ఔరంగజేబు గోల్కొండ మీదికి దండెత్తినప్పుడు తన పాత యజమానికి ఎదురు నిలిచినవాడు. ఒక ముస్లిం సుల్తానును విడిచి మరో ముస్లిం చక్రవర్తి కొలువులో చేరిన ఈ మనిషిని నడిపించింది ధనమూ అధికారమూ. నవలాకారుడు దానికి మతం రంగు పూశాడు.

కోట కథ అంతటితో పూర్తి కాదు. కర్నల్ కాలిన్ మెకంజీ రెండు శతాబ్దాల క్రితం ఊరూరా స్థానిక చరిత్రలను సేకరింపజేశాడు. వాటినే కైఫీయత్తులంటారు. కైఫీయత్ అన్న మాట పారశీకం నుండి మన ఉర్దూలోకీ, అక్కడి నుండి తెలుగులోకీ వచ్చినదే. కడప జిల్లాకు చెందినవాటిని కడపలోని సి.పి. బ్రౌన్ భాషా పరిశోధన కేంద్రం సంపుటాలుగా వెలువరించింది. బ్రౌన్ దొర నివసించిన బంగళా శిథిలమైపోయిన స్థలంలో, జానమద్ది హనుమచ్ఛాస్త్రి గారి పట్టుదల వల్ల వెలసిన గ్రంథాలయమది. కడపకు వెళ్ళిన ప్రతి కుటుంబమూ ఒక్క గంట అక్కడ గడపవచ్చు. గండికోట పతనాన్ని గురించి ఈ సీమలో చెప్పుకునే కథనాలలో మంత్రి పొదిలి లింగన్న ద్రోహమూ, విషప్రయోగమూ వస్తాయి. పరాయి వ్యాపారికి ఫిరంగులు ముఖ్యమయ్యాయి, ఊరివారి జ్ఞాపకంలో ద్రోహం మిగిలింది. కోట ఒక్కటే. ఎవరి నష్టం వారి కథలో ఉన్నది.

చారిత్రక కావ్యాల ప్రసక్తి వస్తే మా ప్రొద్దుటూరును తలచుకోకుండా ఉండలేము. బంగారానికీ బట్టలకూ పేరుపడిన ఈ ఊరిలోనే దుర్భాక రాజశేఖర శతావధాని 'రాణాప్రతాపసింహ చరిత్ర' వ్రాశారు, గడియారం వేంకటశేషశాస్త్రి 'శ్రీ శివభారతము' వ్రాశారు. నా విద్యార్థి దశలో ఈ రెండు కావ్యాల పద్యాలను మా తెలుగు అయ్యవారు గొంతెత్తి చదువుతుంటే తరగతిలో నలుగురైదుగురు ముస్లిం పిల్లలం తలలు వంచుకొని కూర్చునేవారము. ఆ పద్యాల నడక మాకూ నచ్చేది. అందులోని శత్రువు ఎవరో తెలిసి సిగ్గుపడేవారము. ఆ రెంటి మధ్య ఏమి చేయాలో మాకెవరూ చెప్పలేదు.

చాలా ఏళ్ళ తరువాత నాకు అర్థమైన సంగతి ఏమిటంటే, అవి జాతీయోద్యమం ఉధృతంగా సాగుతున్న కాలంలో పుట్టిన కావ్యాలు. తెల్లదొరను పేరు పెట్టి ఎదిరించలేని చోట కవులు పాత యుద్ధాలను తలకెత్తుకున్నారు. పుస్తకంలోని కాలం ఒకటి, పుస్తకం పుట్టిన కాలం మరొకటి. ఈ రెంటినీ వేరుచేసి చూడడం తెలిస్తే సగం భారం దిగిపోతుంది. మిగతా సగాన్ని చరిత్ర దించుతుంది. 1576లో హల్దీఘాట్ వద్ద రాణా ప్రతాపుని పక్షాన పోరాడిన సేనానులలో హకీం ఖాన్ సూర్ అనే పఠాను ఉన్నాడు. ఎదుట అక్బరు సేనను నడిపినవాడు రాజా మాన్‌సింగ్. 1665లో శివాజీతో పురంధర్ సంధి కుదిర్చిన మొగలు సేనాపతి రాజా జైసింగ్. శివాజీ నౌకాదళ నాయకులలో దౌలత్ ఖాన్ ఉన్నాడు. మా అయ్యవారు పద్యంతోపాటు ఈ నాలుగు పేర్లు కూడా చెప్పి ఉంటే మేము తలలెత్తుకొనే పద్యం వినేవారము.

అంతమాత్రాన మనవాళ్ళు వ్రాసిన నవలలన్నీ త్రాసులో తూచినట్లుంటాయని అనుకోరాదు. లక్నోకు చెందిన అబ్దుల్ హలీం షరర్, ఆంగ్ల రచయిత వాల్టర్ స్కాట్ క్రూసేడ్ యుద్ధాలపై వ్రాసిన 'టాలిస్మన్' నవల చదివి నొచ్చుకొని, దానికి జవాబుగా 1888లో 'మలికుల్ అజీజ్ వర్జినా' అనే ఉర్దూ నవల వ్రాశాడు. పుస్తకాన్ని తగులబెట్టమనలేదు, ఎదురు పుస్తకం వ్రాశాడు. అందుకు ఆయనంటే నాకు గౌరవం. అయితే ఆయన నవలల్లోనూ, ఆయన బాటలో తరువాత వచ్చిన నసీమ్ హిజాజీ నవలల్లోనూ మన సైనికులు ఎప్పుడూ అందగాళ్ళే, ధర్మాత్ములే. మా నాన్న వాటిని రాత్రుళ్ళు లాంతరు వెలుతురులో చదివి వినిపించేవారు, మేము నిద్ర మానుకొని వినేవాళ్ళము. పొగిడే నవలకు కూడా పక్కన ఒక తోడు పుస్తకం అవసరమని అప్పుడు మాకు తోచలేదు. పొగడ్త కదా, ఎవరు అనుమానిస్తారు?

ఇక్కడే ఒక ముచ్చట. మా వీధి కుర్రవాడొకడు తెన్నేటి సూరి 'చెంఘిజ్ ఖాన్' నవలను గ్రంథాలయం నుండి తెచ్చుకొని, 'ఖాన్' అని ఉన్నది కనుక మనవాడే అన్న ధీమాతో సగం చదివేశాడు. చెంఘిజ్ ముస్లిం కాడనీ, ఖాన్ అన్నది మధ్య ఆసియా నాయకుల బిరుదనీ, 1220లో బుఖారాను నేలమట్టం చేసినది ఆయన సేనలేననీ, 1258లో బాగ్దాద్‌ను ధ్వంసం చేసిన హులాగు ఆయన మనుమడేననీ చెప్పేసరికి వాడి ముఖం చూడాలి! అయినా నవల పూర్తి చేశాడు. మంచి నవల, పూర్తి చేయదగినదే.

యాత్రాగ్రంథాలలో యాత్రికుడి వంకరలూ కనిపిస్తాయి, అదీ ఒక లాభమే. 1325లో హజ్ కోసమని టాంజియర్ నుండి బయలుదేరిన ఇబ్న్ బతూతా ముప్పై ఏళ్ళ సంచారంలో ఢిల్లీలోనూ మాల్దీవులలోనూ ఖాజీ పదవి నిర్వహించాడు. మాల్దీవులలో స్త్రీల వస్త్రధారణను మార్చబోయి చేతకాక ఊరుకున్నానని తానే ఒప్పుకున్నాడు. ఆయన గ్రంథం చాలా ఏళ్ళ తరువాత జ్ఞాపకం నుండి చెప్పి ఇబ్న్ జుజయ్ చేత వ్రాయించినది. లేఖకుడు పూర్వ యాత్రికుల వర్ణనలను కూడా అందులో చేర్చాడు. కనుక చూసినదేదో, విన్నదేదో మనమే విడదీసుకోవాలి. తెలుగులో ఏనుగుల వీరాస్వామయ్య 'కాశీయాత్ర చరిత్ర' ఉండనే ఉన్నది. మద్రాసు సుప్రీంకోర్టు దుబాసీ అయిన ఆయన 1830లో కడప మీదుగా హైదరాబాదు చేరి, అక్కడి నుండి కాశీకి సాగాడు. మన తాతముత్తాతల కాలపు దారులు, మజిలీలు ఎలా ఉండేవో తెలుసుకోవాలంటే అంతకంటే నమ్మకమైన తోడు నాకు కనబడలేదు. అంతర్జాలంలో ఉచితంగానే దొరుకుతుంది.

చరిత్ర అంటే కోటలూ ప్రయాణాలూ మాత్రమేనని పిల్లలు పొరబడకుండా ఉండాలంటే మన ఇళ్ళ కథలు కూడా చదవాలి. పులివెందుల పక్కనే ఉన్న వేంపల్లె నుండి వచ్చిన వేంపల్లె షరీఫ్ 'జుమ్మా' కథల సంపుటి 2011లో కేంద్ర సాహిత్య అకాడెమీ యువ పురస్కారం అందుకున్నది. అందులోని పేద ముస్లిం ఇళ్ళు, తల్లుల మాటలు మనకు తెలిసినవే. మా చెల్లెలి కాపురం పులివెందులలోనే. వాళ్ళ వీధుల వంటి వీధులు అచ్చులో కనిపించేసరికి మా మేనకోడలు రెండు కథలను తల్లికి ఫోనులో చదివి వినిపించింది.

ఇప్పుడు మా ఇంట ఒక చిన్న ఏర్పాటు ఉన్నది. చారిత్రక నవల ఎవరు తీసినా, అదే కాలానికి చెందిన వేరొక రకం పుస్తకం, యాత్రో, కైఫీయత్తో, జీవిత చరిత్రో, జతగా తీయాలి. మొదట పీఠిక చదివి, ఇది ఏ సంవత్సరంలో వ్రాసినది, వ్రాసినవాడు అక్కడ ఉన్నాడా లేదా అన్నవి చివరి పుటలో పెన్సిలుతో గుర్తు పెట్టుకోవాలి. గ్రంథాలయం పుస్తకమైతే ఆ గుర్తు విడి కాగితం మీద! నవల ఆశ్వాసంలాగా లాక్కుపోతుంది కనుక మొదట నవల, తరువాత జత పుస్తకం. తిరగేసి చేస్తే పిల్లలు రెండూ వదిలేస్తారని అనుభవం మీద తెలిసింది.

అమ్మ సంగతి చెప్పలేదు కదా. భోపాల్‌ను పాలించిన నవాబ్ సికందర్ బేగం 1863-64లో హజ్‌కు వెళ్ళి తన యాత్రను ఉర్దూలో వ్రాసింది. దాని ఆంగ్లానువాదం 1870లో వెలువడింది. మా మేనకోడలు ఇంగ్లీషు చదువుతూ మా ఇంటి ఉర్దూలోకి మార్చి నానీకి చెప్పడం మొదలుపెట్టింది. జిద్దా రేవులో సుంకం అధికారులతో బేగం పడిన తంటాలు వచ్చేసరికి అమ్మ తన హజ్ నాటి విమానాశ్రయం క్యూను తలచుకొని అర్ధగంట మాట్లాడింది. ఊర్ల శుభ్రత గురించి బేగం నిర్మొహమాటంగా వ్రాసిన చోట మాత్రం, "రాణి అయితే మాత్రం అలా వ్రాయవచ్చునా?" అని కోప్పడింది.

మరునాడు పిల్ల పులివెందులకు బయలుదేరుతుండగా అమ్మ నన్ను పిలిచి, బేగం మక్కా చేరినదా లేదా చెప్పకుండా పుస్తకం ఎలా పట్టుకుపోతుందని అడిగింది. పుస్తకం మా ఇంట్లోనే ఉండిపోయింది. ఆ రాత్రి ఇషా తరువాత చదవడం నా వంతయ్యింది.