నీటిబొట్టులో దాయాదులు

కరీబియన్ సముద్రంలోని క్యురసావ్ దీవికి ఉత్తరాన, అలలు కొరికి కొరికి రంపపు పళ్లలా మిగిల్చిన రాతి ఒడ్డు ఒకటుంది. దాని పేరు షెటే బోకా. అక్కడివారి పాపియమెంటు భాషలో ఏడు నోళ్లని అర్థం. ఆ రాతినోళ్లలోకి ముదురు నీలపు సముద్రం ఉరికొస్తుంది. గుహల గొంతుల్లో గర్జించి, తెల్లని నురుగై ఎగసి, ముత్యాల జల్లై రాళ్ల మీద రాలుతుంది. ఆ జల్లులో కొంత మళ్లీ కడలిని చేరదు. రాతి గుంటల్లో చారెడు, దోసెడు నిలిచిపోతుంది. ఎండ కాస్తే ఆ నీరు ఉప్పెక్కి చిక్కబడుతుంది, పెద్ద అల ఎగసిపడితే తిరిగి పలచబడుతుంది. దారిన పోయేవారి కంటికి అది అడుగున కాస్త పాచి, పైన కాస్త ఆకాశం ఉన్న ఉత్త గుంట.

ఆ గుంటలోంచి ఒక్క బొట్టు తీసి సూక్ష్మదర్శిని కింద పెడితే, వెలుతురు మడుగులో ఒక దొప్ప తేలుతూ కనిపిస్తుంది. విస్తరాకు దొప్పలాగే ఒంపు తిరిగి, గాజులా మెరుస్తూ ఉంటుంది. ఈనెపుల్లలతో కుట్టిన ఆకుల బదులు ఇందులో ఉన్నవి ఒకదాన్నొకటి ఆనుకుని నిలిచిన ఏకకణ జీవులు. వెలుగున్నంతసేపూ వాటి తోకలన్నీ దొప్ప లోపలికే తిరిగి ఉంటాయి. పంక్తిలో కూర్చున్న అతిథుల్లా తీరిగ్గా, నిమ్మళంగా బాక్టీరియాను ఆరగిస్తుంటాయి. ఇప్పుడు దీపం తగ్గించండి. ఎదురుగాలికి గొడుగు వెనక్కి తిరగబడినట్టు ఆ దొప్ప మొత్తం లోపలిది బయటికై తిరగబడుతుంది. లోపలున్న తోకలన్నీ బయటికి వచ్చి తెడ్లవుతాయి. ఇందాకటి భోజనపు దొప్ప ఇప్పుడు పడవై, చీకట్లో చకచకా ఈదుకుంటూ పోతుంది. దానికి కన్ను లేదు, నరం లేదు, మెదడు లేదు. వెలుగును పసిగట్టే పదార్థానికి కావలసిన ముడిసరుకు సైతం అది తిన్న బాక్టీరియా నుంచి వచ్చిందే. ఈ జీవిని 2019లో శాస్త్రలోకానికి పరిచయం చేసినవారు కోయనోయికా ఫ్లెక్సా అని పేరు పెట్టారు. ఫ్లెక్సా అంటే వంగేది.

మొక్క కాని, శిలీంధ్రం కాని, జంతువు కూడా కాని ఈ నలుసు ప్రాణులను కోయనోఫ్లాజెల్లేట్లు అంటారు. ఈనాడు భూమ్మీద జీవిస్తున్న ఏకకణ జీవులన్నిటిలో జంతువులకు అత్యంత దగ్గరి బంధువులు ఇవే. ఏనుగుకూ, సీతాకోకచిలుకకూ, పులస చేపకూ, మనకూ. మన తాతలు మాత్రం కారు. అరవై కోట్ల ఏళ్లకు ముందెప్పుడో ఒక పూర్వీకుడి ఇంట వేరుపడిన రెండు వాటాల్లో ఒకటి వాళ్లది, ఒకటి మనది. మన మాటల్లో చెప్పాలంటే దాయాదులు. ఆస్తి పంపకాల్లో మనకు దేహాలు వచ్చాయి, వాళ్లు నీటిబొట్టులోనే ఉండిపోయారు.

ఆ దాయాదుల్లో ఒకరిని తీరిగ్గా చూద్దాం. ఒంటి కణం, నీటిబుడగంత నున్నన, వెన్నముద్దంత మెత్తన. పొడవు మిల్లీమీటరులో రెండువందలో వంతుకు అటూ ఇటూ. నడినెత్తి నుంచి ఒక్కటే పొడవాటి తోక, అంటే కశాభం, గాలిలో తేలే పట్టుదారంలా అలలు అలలుగా కదులుతూ ఉంటుంది. దాని చుట్టూ నూగుకన్నా సన్నని వేళ్లు ముప్పై నలభై గుండ్రంగా లేచి, విప్పారిన తెల్ల ఉమ్మెత్తపువ్వులాంటి గరాటును కడతాయి. కశాభం ఊగినప్పుడల్లా నీరు ఆ వేళ్ల సందుల్లోంచి లోపలికి జారుతుంది. నీటితోపాటు వచ్చిన బాక్టీరియా సందు దూరలేక పువ్వు బయటివైపు అతుక్కుంటుంది. ఆపైన మెల్లగా, అతి మెల్లగా, కణం దాన్ని తనలోకి పొదువుకుంటుంది. కోయనే అంటే గ్రీకులో గరాటు, ఫ్లాజెల్లమ్ అంటే లాటిన్‌లో కొరడా. రెండు ప్రాచీన భాషలు చెరో మాటా ఇచ్చి పేరు పెట్టిన బిడ్డ ఇది.

ఈ పువ్వును అంతకుముందే ఇంకోచోట చూశానే అనిపించినవాడు అమెరికా శాస్త్రవేత్త హెన్రీ జేమ్స్ క్లార్క్. సముద్రపు రాళ్లకు అంటుకుని పెరిగే స్పంజికను కోసి చూస్తే, దాని లోపలి గదుల గోడల నిండా ఇవే గరాటులు, ఇవే కొరడాలు, ఇదే లయ. 1866లో ఆయన ఆ పోలికను లోకానికి చెప్పాడు. స్వేచ్ఛగా తిరిగే ఒంటరి కణమూ, ఒక జంతువు దేహంలో ఒదిగిన కణమూ ముఖకవళికల్లో అన్నదమ్ముల్లా ఉన్నాయి. కాడకు వేలాడుతూ గంట ఆకారంలో ఉన్న ఒక జీవికి ఆయన కోడోసైగా అని పేరు పెట్టాడు. కోడోన్ అంటే గంట, సైగా అంటే మౌనం. మోగని గంట! నాలుక ఊగుతూనే ఉంటుంది, నాదం మాత్రం వినిపించదు. జీవశాస్త్రం పొడి పేర్ల పుట్ట అనుకునేవారికి ఈ ఒక్క పేరు చాలు.

శాస్త్రీయ నామంలో ముందు ప్రజాతి, తర్వాత జాతి. ముందు ఇంటిపేరు, తర్వాత సొంతపేరు. మన తెలుగువాళ్లం పేర్లు రాసుకునే వరస కూడా సరిగ్గా ఇదే. చిత్రమేమిటంటే, ఈ జీవుల ఇంటిపేర్లలో చాలావాటికి చివర ‘ఓయికా’ అని వస్తుంది. గ్రీకు ‘ఓయికోస్’ నుంచి వచ్చిన ఆ ముక్కకు అర్థం ఇల్లు. సాల్పింగోయికా అంటే బాకా ఇల్లు. స్టెఫనోయికా అంటే కిరీటపు ఇల్లు. డయాఫనోయికా అంటే వెలుగు ఆరపార దూసుకుపోయే ఇల్లు. ఇంటిపేర్లలో నిజంగానే ఇళ్లున్న వంశమిది.

ఆ ఇళ్ల అందం చూడాలంటే చల్లని సముద్రాల్లోకి దిగాలి. అక్కడ స్టెఫనోయికా, డయాఫనోయికా లాంటివి నీటిలో కరిగిన సిలికాను పీల్చి, వెంట్రుకను వందగా చీల్చినంత సన్నని గాజుపుల్లలు చేస్తాయి. ఆ పుల్లలను అంచుకు అంచు చేర్చి, నిలువున కొన్ని, చుట్టూరా కొన్ని పేర్చి బుట్ట అల్లుతాయి. మేదరి వాకిట వెదురుబద్దలతో తయారయ్యే పూలబుట్టను స్ఫటికంలో ఊహించుకోండి. దాని నడుమ వేలాడే లాంతరు వత్తిలా ఆ కణం. ఇంకా ముచ్చటైన సంగతి మరొకటుంది. ఈ బుట్టలల్లే జీవుల్లో చాలావాటిలో తల్లికణం రెండుగా చీలకముందే, పుట్టబోయే పిల్లకు కావలసిన గాజుపుల్లలన్నీ చేసి తన గరాటు పైఅంచు దగ్గర కట్టలుగా పేర్చి ఉంచుతుంది. పిల్ల విడిపోతూ ఆ కట్టలు అందుకుని, చూస్తుండగానే తన బుట్ట తాను విప్పుకుంటుంది. అత్తవారింటికి వెళ్లే కూతురికి పుట్టింటివారు సారె సర్దినట్టు, ఒక్క కణం మాత్రమే ఉన్న తల్లి ఇల్లంతా సర్ది పంపుతుంది.

సాల్పింగోయికా ఇంట్లో రోసెట్టా అనే బిడ్డది మరో వింత. ఒంటరిగా ఉన్నప్పుడు ఇది మామూలు ఈతగాడే. అమెరికాలోని వర్జీనియా తీరపు హాగ్ దీవి నీళ్లలో దీనికి తోడుగా ఒక బాక్టీరియా దొరికింది. ఆ దీవికి పూర్వమున్న మచిపాంగో అనే పేరే ఆ బాక్టీరియాకూ పెట్టారు. అది విడిచే కొవ్వుజాతి అణువు లేశమాత్రం తగిలితే చాలు, రోసెట్టా కణం చీలినా విడిపోవడం మానేస్తుంది. ఒకటి రెండై, రెండు నాలుగై, తోబుట్టువులన్నీ వెన్నులు ఆనించుకుని, ముఖాలు బయటికి పెట్టి, గుండ్రని గులాబీ కడతాయి. వాటి మధ్య సన్నని వంతెనలు, చుట్టూ కొరడాల తళుకు. కలిసి ఉండటమనే సంగతి జంతువుల దేహంలో ఎలా మొదలై ఉంటుందో ఈ గులాబీ మన కళ్లెదుటే ఆడి చూపిస్తుంది.

దాయాదుల్లోనూ దగ్గరివారు, దూరపువారు ఉంటారు. కొందరు చోటు కాని చోట దొరుకుతారు. ఒక మంచినీటి నత్త రక్తంలో దొరికిన అమీబాకు, దాన్ని మొదట గమనించినవారిలో ఒకరైన ఒవ్‌చర్‌జాక్ గౌరవార్థం 2002లో క్యాప్సాస్పోరా ఒవ్‌చర్‌జాకీ అని పేరు పెట్టారు. ఒళ్లంతా దారాల కిరణాలు చాచిన ఈ చుక్క చేరే వర్గం పేరు ఫిలాస్టెరియా. ఫిలమ్ దారం, ఆస్టర్ నక్షత్రం. నత్త నెత్తుటిలో దారపు నక్షత్రం!

ఇంకో దూరపు దాయాది మన అరేబియా సముద్రంలోనే బయటపడ్డాడు. లక్షద్వీప్ పగడపు దిబ్బలు తమ చేతుల్లో దాచుకున్న సరస్సులు పచ్చరాయి కరిగించినట్టుంటాయి. ఆ గోరువెచ్చని నీళ్లలోంచి శేషగిరి రఘుకుమార్ ఒక గుండ్రని తెల్లని కణాన్ని పట్టుకుని, 1987లో కొరల్లోకైట్రియం లిమాసిస్పోరం అని నామకరణం చేశారు. ఇంటిపేరులో పగడమూ, చిట్టికుండా ఉన్నాయి. సొంతపేరులో సిద్ధబీజాలు నత్తగుల్ల లేని నత్తల్లా పాకుతాయన్న సంగతి ఉంది. ఆ చిట్టికుండ లోపలే పొరలు పొరలుగా చీలి, నిండి, ఒకనాటికి పగిలి, సందు దొరికిన చోటల్లా జారే పిల్లల్ని బయటికి వదులుతుంది. మొదట దీన్ని సముద్రపు బూజులాంటి మరో గుంపులో కూర్చోబెట్టారు. తర్వాత జన్యువులు చదివితే, జంతువులు, శిలీంధ్రాలు విడిపోయిన కూడలికి దగ్గర్లోనే దీని ఇల్లని తేలింది. పెళ్లిపందిట్లో ఎవరో అనుకుని పలకరించినవాడు చివరికి మన బంధువే అయినట్టు.

హవాయి తీరపు మెత్తని ఒండ్రులో దొరికిన క్రోమోస్ఫేరా పెర్కిన్సీని చూస్తే నోటమాట రాదు. ఈ కణం పెరిగి పెద్దదయ్యాక, ఇంకేమాత్రం పెరగకుండా లోలోపలే చీలుతుంది. రెండు, నాలుగు, ఎనిమిది... చివరికి కణాలతో నిండిన బంతి. కోడిగుడ్డులోనో కప్పగుడ్డులోనో జీవం తొలి గంటల్లో చేసే పని ఇలాగే ఉంటుంది. జంతువుల వంశం నుంచి నూరు కోట్ల ఏళ్లకు పూర్వమే విడిపోయిన ఇంట్లో పిండం పోలికలు! 2024లో ఈ సంగతి బయటపడినప్పుడు, గుడ్డు ముందా కోడి ముందా అన్న పాత పొడుపుకు ఒక కొత్త జవాబు దొరికినట్టయింది.

ఇన్ని ఇంటిపేర్లు చెప్పుకున్నాక, అందరినీ కలిపే గోత్రం ఒకటి చెప్పి ముగించాలి. ఈ దాయాదులూ, పుట్టగొడుగులూ, సమస్త జంతువులూ చేరే మహావంశానికి ఒపిస్థోకాంటా అని పేరు. గ్రీకులో ఒపిస్థియోస్ అంటే వెనుక, కాంటోస్ అంటే పడవ నడిపే గడ. ఈతకొట్టే కణం ఉంటే, దాన్ని ఒక్క కొరడా వెనుక నుంచి నెడుతుంది. గోదావరి మీద పడవవాడు వెనక నిలబడి గడ వేసి పడవను ముందుకు తోసినట్టన్నమాట. మనందరి మొదటి ప్రయాణమూ అలాగే సాగింది. అమ్మ కడుపులోని చీకట్లో, వెనుక ఒకే ఒక్క గడ వేసుకుని, ఒక కణం ఈదుకుంటూ వచ్చింది.

క్యురసావ్ రాళ్ల మీద పొద్దుగుంకుతుంది. దోసెడు నీటి మీది నారింజ వెలుగు మెల్లగా బూడిదవుతుంది. ఆ నీటిలో దొప్పలన్నీ ఒక్కొక్కటే తిరగబడి, గడలు బయటికి చాచి చీకట్లోకి సాగుతాయి. ‘మీ ఇంటిపేరేమిటి?’ అని వాటిని అడిగితే ఎన్ని పేర్లయినా చెప్పవచ్చు. అదే ప్రశ్న అవి మనల్ని అడిగితే, మనకూ వాటికీ చెల్లే జవాబు ఒకటే: వెనకగడవారు.